ఒకే గ్రూపు పెళ్లి

ఆ పెళ్లి నా వల్లే జరిగిందని సింగపూర్‌లో మా తెలుగువాళ్ల మధ్య ఒక మాట స్థిరపడిపోయింది. అంతకుముందు అది నా వల్లే ఆగిపోయిందన్న సంగతి చాలామందికి తెలియదు. తెలియకపోవడానికి కారణం నేను చెప్పకపోవడమే.

ఒకే బ్లడ్ గ్రూపు ఉన్న అమ్మాయీ అబ్బాయీ పెళ్లి చేసుకుంటే ఏమీ కాదు. పుట్టబోయే పిల్లలకీ ఏమీ కాదు. ఈ రెండు వాక్యాలూ ఒక్క గుక్కలో చెప్పెయ్యొచ్చు. చెప్పాల్సిన రోజున, చెప్పాల్సిన మనుషుల ముందు, నేను నోట్లో లడ్డూ పెట్టుకున్నవాడిలా కూర్చున్నాను. నిజంగానే లడ్డూ ఉంది కూడా.

ముందు నా సంగతి చెప్పాలి. నేను జురాంగ్ ఐలాండ్‌లో ఒక ప్లాంటులో ఇంజనీరుని. పైపుల్లో ఏది ఎంత వేడిగా ఉంది, ఎంత ఒత్తిడితో పోతోంది అని చూసుకోవడం నా పని. మనుషుల ఒంట్లో పారేదానికీ నా చదువుకీ ఏ సంబంధమూ లేదు. కానీ మా తెలుగువాళ్ల సంఘం ఏటా ఒక ఆదివారం పొద్దున కమ్యూనిటీ క్లబ్ హాల్లో రక్తదానం ఏర్పాటు చేస్తుంది. మొదటిసారి జనం వచ్చారు గానీ అందరూ ఇడ్లీల దగ్గరే ఆగిపోయారు. సూది అంటే భయం, అసలు ఎవరి రక్తం ఎవరికి ఎక్కుతుందో తెలియని అయోమయం. ఎవరో ఒకరు నాలుగు మాటలు చెప్పాలన్నారు. నేను మైకు అందుకున్నాను. అప్పటినుంచి ఆ మైకు నన్ను వదల్లేదు.

నేను చెప్పేది భోజనం భాషలో చెప్పేవాణ్ణి. ఓ గ్రూపు రక్తం అంటే తెల్లన్నం. ఏ ఇంటి కూరలోనైనా కలిసిపోతుంది, ఎవరి విస్తట్లోనైనా వడ్డించొచ్చు. ఏ అంటే పులిహోర. బీ అంటే దద్దోజనం. పులిహోర ఇంటివాళ్లకి దద్దోజనం పడదు, దద్దోజనం ఇంటివాళ్లకి పులిహోర పడదు. పెడితే ఒళ్లు తిరగబడుతుంది. ఏబీ అంటే ఏది పెట్టినా వంక పెట్టకుండా తినే అల్లుడు. ఓ వాళ్ల పాపం ఏమిటంటే, వాళ్లు అందరికీ పెడతారు గానీ వాళ్లకి మాత్రం తెల్లన్నం తప్ప ఏదీ పడదు. ఇక్కడికి వచ్చేసరికి ఆడవాళ్లంతా తలలూపేవారు, మా ఇంట్లో మా బతుకూ అదే అన్నట్టుగా.

మరి పాజిటివ్, నెగిటివ్ ఏమిటని ఎవరో ఒకరు అడిగేవారు. అది ఉప్పు. ఉప్పు వేసింది పాజిటివ్, వెయ్యనిది నెగిటివ్. బీపీ ఉన్నవాళ్లకి చప్పిడిదే పెట్టాలి, లేనివాళ్లు రెండూ తినొచ్చు. అందుకే ఉప్పు లేని తెల్లన్నం, అంటే ఓ నెగిటివ్, ఎవరికైనా పెట్టొచ్చు. ఈ దేశంలో నెగిటివ్ వాళ్లు మరీ అరుదు. మన ఇండియా వాళ్లలో కాస్త ఎక్కువ. కాబట్టి మీలో ఎవరైనా చప్పిడివాళ్లుంటే ఇడ్లీ తర్వాత తినొచ్చు, ముందు ఇటు రండి అనేవాణ్ణి. జనం నవ్వేవారు, నవ్వుతూనే లైన్లో నిలబడేవారు. పిల్లలు నన్ను బ్లడ్ అంకుల్ అని పిలవడం మొదలుపెట్టారు. పెద్దవాళ్లకి కూడా రక్తం గురించి నేనేం చెబితే అది వేదం. నాకు గర్వంగా ఉండేది. దాని బరువెంతో మాత్రం నాకు తెలియలేదు.

అలాంటి ఒక ఆదివారం మా ప్లాంటులో నా కింద పనిచేసే అబ్బాయి వచ్చాడు. తెనాలి వాడు, ఆరడుగుల మనిషి. భుజాలు చూస్తే ఒక బ్యాగేం ఖర్మ, బిందెడిచ్చినా చెక్కు చెదరడు అనిపిస్తుంది. రక్తమిచ్చి లేచి, అడుగు వేసి, మెల్లగా మళ్లీ మంచం మీదికి వాలిపోయాడు. పక్క మంచం మీద ఒకమ్మాయి తాపీగా రబ్బరు బంతి పిసుకుతూ రక్తమిస్తోంది. తల తిప్పి వాణ్ణి చూసింది.

"ఇంత సైజుండి ఒక్క బ్యాగ్‌కే ఫ్లాటా? మైలో తాగు లా," అంది, రక్తమిచ్చినవాళ్లకి పెట్టే చాక్లెట్ పాల డబ్బా చూపిస్తూ.

వాడు కళ్లు తెరిచి, "లేచాను కదా," అన్నాడు పడుకునే.

ఆ అమ్మాయి ఇక్కడే పుట్టి పెరిగిన అంకుల్ ఒకాయన కూతురు. ఆయన తాత తెల్లవాళ్ల కాలంలో శ్రీకాకుళం వైపునుంచి ఓడెక్కి వచ్చాడట. అంకుల్ పోర్టులో క్రేన్ నడిపి రిటైరయ్యారు. ఆయన మాటల్లో మా ముత్తాతల నాటి తెలుగూ తమిళమూ మలాయ్ కలిసి ఉంటాయి. "మకాన్ అయిందా బాబూ?" అని అడిగి, తిన్నామని చెప్పాకే అసలు సంగతిలోకి వస్తారు. ఆంటీ పోయాక తండ్రీ కూతురూ ఇద్దరే ఈషూన్‌లో ఫ్లాట్‌లో ఉంటున్నారు. అమ్మాయి చాంగీ బిజినెస్ పార్కులో బ్యాంకు ఆఫీసులో పనిచేస్తుంది. ఇంట్లో తండ్రి తెలుగులో అడుగుతారు, ఆమె ఇంగ్లీషులో జవాబిస్తుంది.

ఆ మైలో దగ్గర మొదలైంది ఒక ఏడాది తిరిగేసరికి పెళ్లి మాటల దాకా వచ్చింది. మావాడి తెలుగు వినీ వినీ ఆ అమ్మాయి తెలుగు బాగుపడింది. వీడి మాటల్లో మాత్రం ఇక్కడివాళ్లు మాట చివర తగిలించే "లా" చేరింది. అంకుల్‌కి ఆనందం పట్టలేదు. తెనాలి ఎక్కడుందో ఫోన్‌లో మ్యాపు తీసి వచ్చినవాళ్లందరికీ చూపించేవారు.

అబ్బాయి వాళ్లమ్మగారితో వీడియో కాల్ పెట్టుకున్న రోజు నన్నూ మా ఆవిణ్ణీ పిలిచారు. అబ్బాయికి ఇక్కడ పెద్దదిక్కు నేనేనని. అంకుల్ లిటిల్ ఇండియాలో టేకా మార్కెట్‌కి వెళ్లి లడ్డూలు తెచ్చారు. ఫోన్‌ని టీవీకి కలిపారు కాబట్టి ఆవిడ ముఖం గోడంత కనిపిస్తోంది. మంచి మనిషి. అమ్మాయి చీర బాగుందన్నారు, సింగపూర్‌లో కరివేపాకు దొరుకుతుందా అని అడిగారు. గోత్రం అడిగారు. అంకుల్ ఈ ప్రశ్న కోసమే ఎదురుచూస్తున్నట్టు, సముద్రం దాటి మూడు తరాలైనా మరిచిపోని గోత్రాన్ని గుండె నిండా ఊపిరి తీసుకుని చెప్పారు. గోత్రాలు వేరు. అందరం ఊపిరి పీల్చుకున్నాం.

"బ్లడ్ గ్రూపులు కూడా చూసుకుంటున్నారు కదండీ ఇప్పుడు," అన్నారావిడ.

మావాడు ఉత్సాహంగా, "ఇద్దరిదీ ఓ పాజిటివేనమ్మా. అసలు కలిసిందే అక్కడ కదా," అనేశాడు.

గోడంత ముఖం చిన్నబోయింది. ఒకే గోత్రం వాళ్లు అన్నాచెల్లెళ్ల వరస అయినప్పుడు ఒకే గ్రూపు వాళ్లు కారా అన్నది ఆవిడ అనుమానం. రక్తం ఒకటే అయితే పిల్లలు పుట్టరని, పుట్టినా అవకరం ఉంటుందని వాళ్ల వీధిలో అందరూ అనుకుంటారట. ఆవిడ కోపంగా అనలేదు. భయంగా అన్నారు. అందుకే ఎవరూ ఎదురు చెప్పలేకపోయారు.

అంకుల్ నా వైపు తిరిగారు. "ఏటి బాబూ, నువ్వు సెప్పు. మైకులో ఇవన్నీ సెప్పేది నువ్వే కదా."

అందరూ నన్నే చూశారు. అమ్మాయి కూడా. నేను లడ్డూ నములుతూ, మింగి, నీళ్లు తాగి, "ఎందుకైనా మంచిది, ఒకసారి డాక్టర్ని అడిగి చూడండి," అన్నాను.

అబద్ధం కాదు. అదే అందులోని తెలివి. నాకు జవాబు తెలుసు. భార్యది నెగిటివ్, భర్తది పాజిటివ్ అయితేనే కాస్త చూసుకోవాలని, దానికీ ఇప్పుడు ఇంజెక్షన్ ఉందని, వీళ్లిద్దరూ పాజిటివే కాబట్టి ఆ గొడవ కూడా లేదని తెలుసు. అయినా నా నోట్లోంచి ఆ మాట రాగానే, బ్లడ్ అంకులే సందేహిస్తున్నాడంటే ఏదో ఉండే ఉంటుందని అందరూ నిర్ణయించేసుకున్నారు. డాక్టర్ని అడగడం ఎవరికీ గుర్తు రాలేదు.

ఎందుకు అలా అన్నానంటే, విజయవాడలో మా అక్క కూతురుంది. ఆ అబ్బాయి ప్లాంటులో పని చేసే తీరు చూసినప్పుడల్లా, క్యాంటీన్‌లో తన బాక్సులో కూర పదిమందికీ పెట్టి తినడం చూసినప్పుడల్లా, వీడు మా మేనకోడలికైతే ఎంత బాగుంటుందో అనుకునేవాణ్ణి. మా అక్కకి వాడి ఫోటో కూడా పంపాను. ఆ తర్వాతే ఈషూన్ సంగతి తెలిసింది. అప్పుడైనా మనసులోంచి తీసెయ్యాల్సింది. తియ్యలేదు. ఆ రోజు ఆ సోఫాలో కూర్చుని, రేపేమన్నా అయితే నన్నే అంటారు కదా అని నాకు నేను చెప్పుకున్నాను. అది నేను వేసుకున్న ముసుగు. దాని కింద ఉన్నది మా అక్క కూతురు.

పెళ్లి మాటలు ఆగిపోయాయి. ఎవరూ వద్దనలేదు, ఎవరూ కానివ్వమనీ అనలేదు. మావాడు క్యాంటీన్‌లో బాక్సు మూత తీసి, మళ్లీ పెట్టేసేవాడు. అంకుల్ ఫోన్ చేస్తే మకాన్ సంగతి అడగడం మరిచిపోయేవారు. ఒకసారి అమ్మాయే ఫోన్ చేసింది. ఇంటర్నెట్‌లో అన్ని చోట్లా ప్రాబ్లం లేదనే ఉందని, కానీ వాళ్ల నాన్న దాన్ని నమ్మడం లేదని, నేను చెబితే నమ్ముతారని, ఒక్కసారి చెప్పమని అడిగింది. నేను "చూద్దామమ్మా," అన్నాను. ఈ రెండోది మొదటిదాని కంటే పెద్ద తప్పు. మొదటిసారి నన్ను అందరిలో అడిగారు. ఈసారి ఆ పిల్ల ఒక్కతే, నన్ను నమ్మి అడిగింది.

తర్వాత ఒక శనివారం పొద్దున బట్టలు ఆరేస్తున్నాను. మా ఫ్లాట్‌లో అది మగవాడి పని. వెదురుబొంగుకి చొక్కాలు గుచ్చి వంటింటి కిటికీలోంచి బయటికి తొయ్యాలి. మా అక్క ఫోన్ చేస్తే స్పీకర్‌లో పెట్టాను. ఆ అబ్బాయి సంబంధం ఆగిపోయిందట కదా, ఇక మన పిల్లకి అడగనా అంది. అడుగు అన్నాను.

"వాడిది గ్రూపేమిట్రా?"

"ఓ పాజిటివ్."

"అయ్యో, దీనిదీ అదే కదరా. మరి ఒకే గ్రూపైతే..."

ఇక నన్ను ఆపేవాళ్లు లేకపోయారు. బొంగు సగం కిటికీలోంచి బయటికి, సగం లోపలికి పట్టుకుని, నేను మైకు ముందున్నట్టు మొదలుపెట్టాను. అక్కా, గ్రూపంటే గోత్రం కాదు, చుట్టరికం కాదు. మన దేశంలో ఓ పాజిటివ్ వాళ్లు కోట్లమంది ఉన్నారు, వాళ్లంతా అన్నాచెల్లెళ్లేనా? నెగిటివ్, పాజిటివ్ గొడవ ఉంటేనే చూసుకోవాలి. ఇక్కడ అదీ లేదు. ఏ డాక్టర్నీ అడగక్కర్లేదు, నేను చెబుతున్నా కదా, నిక్షేపంగా చెయ్యి అని, చెయ్యీ నోరూ కలిపి ఉపన్యాసం పూర్తి చేశాను. చెయ్యి ఊపడంలో ఒక చొక్కా జారి కింది అంతస్తు వాళ్ల బొంగు మీద పడింది.

వెనక స్టవ్ కట్టేసిన చప్పుడు వినిపించింది.

"ఎంత బాగా చెప్పారండీ," అంది మా ఆవిడ. "ఈ చెప్పడమంతా ఆ రోజు ఎక్కడ పెట్టారు?"

"ఆ రోజు నోట్లో లడ్డూ ఉంది కదా."

"ఇన్నాళ్లు పట్టిందా అది మింగడానికి?"

నేను కిటికీ వైపు చూశాను. ఆమె అంతటితో వదల్లేదు. మీకే సందేహం ఉందంటే నిజంగానే ఏదో ఉందనుకున్నాను, ఆ పిల్లని చూసి జాలిపడ్డాను, పక్కింటి ఆంటీ అడిగితే మీ పేరు చెప్పి అవునన్నాను కూడా అంది. ఫోన్‌లో అక్క, "ఏం జరిగిందిరా? ఏ పిల్ల?" అంటోంది. అంతలో మా మేనకోడలు తల్లి చేతిలోంచి ఫోన్ లాక్కుంది. "మావయ్యా, సింగపూర్‌లో కూర్చుని నాకు సంబంధం చూశావు సరే, నన్నొక్క మాట అడిగావా? నాకిప్పుడు పెళ్లీ లేదు, గ్రూపూ లేదు. పెట్టేస్తున్నా," అని పెట్టేసింది. నేను దాచి పెంచుకున్న ఆశ అరనిమిషంలో తేలిపోయింది. నిజం చెప్పొద్దూ, నాకు నవ్వొచ్చింది. మా ఆవిడ నవ్వలేదు. మధ్యాహ్నం లోపల తెనాలికి ఫోన్ చెయ్యమంది.

అబ్బాయిని ఇంటికి పిలిచి, వాడి ఎదుటే వాళ్లమ్మగారికి వీడియో కాల్ చేశాను. మా ఆవిడ పక్కన కుర్చీ వేసుకుని కూర్చుంది, నేను పారిపోకుండా. అక్కకి చెప్పిందే ఆవిడకీ చెప్పాను, ఈసారి చేతులు ఊపకుండా. ఆవిడ శ్రద్ధగా విని, మరి ఆ రోజు డాక్టర్ని అడగమన్నారు కదా అన్నారు. అప్పుడైనా నేను నిజం చెప్పి ఉండొచ్చు. చెప్పలేదు. "అడిగానండీ, ఏమీ లేదన్నారు," అన్నాను. మా ఆవిడ దగ్గింది.

ఆవిడకి ఇంకా నమ్మకం కుదరలేదు. మేము పద్ధతి గలవాళ్లం, రక్తం విషయంలో జాగ్రత్తగా ఉండాలి కదండీ అన్నారు. మావాడు ఉండబట్టలేక, "అమ్మా, నువ్వు చేసుకుంది నీ సొంత మేనమామని," అన్నాడు.

"అది వరసరా. ఇది గ్రూపు," అన్నారావిడ ఏమాత్రం తడబడకుండా.

అప్పుడు తెర వెనకనుంచి ఒక మగగొంతు వినబడింది. అబ్బాయి నాన్నగారు. ఈ వ్యవహారం మొదలైనప్పటినుంచీ ఆయన్ని ఎవరూ ఏమీ అడగలేదు, ఆయనా ఏమీ అనలేదు. పేపరు మడిచిన చప్పుడు, తర్వాత మాట.

"ఏమే, నీకు గర్భసంచి ఆపరేషనప్పుడు ఎవరిదే రక్తం ఎక్కించింది?"

"మీదే కదా."

"ఎందుకు ఎక్కించారు?"

ఆయన కెమెరా ముందుకి వచ్చి కొడుకుని వేలితో చూపిస్తూ, "మనిద్దరిదీ ఓ పాజిటివే. వీడిలో అవకరం ఏముందో చెప్పు," అన్నారు.

"రక్తమిచ్చి పడిపోయాడటగా," అన్నారావిడ, ఓడిపోవడం ఇష్టం లేక. కానీ అప్పటికే నవ్వుతున్నారు. ఇన్నేళ్లు మొగుడి గ్రూపూ తన గ్రూపూ ఒకటేనని తెలిసీ, దాన్ని ఈ భయంతో కలిపి ఎప్పుడూ చూసుకోలేదన్నారు.

పెళ్లి గుడి హాల్లో బ్రహ్మాండంగా జరిగింది. తెనాలి నుంచి వచ్చినవాళ్లు గంటకోసారి కోపీ తాగి, ఇది కాఫీ కాదు గానీ బాగుందని తీర్మానించారు. అంకుల్ మైకు తీసుకుని, ఈ బాబు డాక్టర్లని అడిగి, తెనాలికి ఫోన్ చేసి, నా కూతురి పెళ్లి నిలబెట్టాడని చెప్పి, నన్ను స్టేజి మీదికి పిలిచి శాలువా కప్పారు. జనం చప్పట్లు కొట్టారు. దిగివచ్చి కూర్చుంటే మా ఆవిడ నా వైపు చూడకుండా, "శాలువా ఉక్కగా ఉందా?" అని అడిగింది.

ఉంది. ఆ తర్వాత ఎక్కడికెళ్లినా ఆ కథ నాకంటే ముందే అక్కడ ఉండేది. చెప్పినవాళ్లు చెప్పినప్పుడల్లా నేను అడిగిన డాక్టర్లు పెరిగేవారు. నేను వద్దనేవాణ్ణి, వాళ్లు దాన్ని వినయం అనుకునేవారు.

కొన్నాళ్లకి ఒక ఆదివారం అంకుల్ మమ్మల్నందర్నీ ఈషూన్‌లో వాళ్ల బ్లాకు కింద తిండి అంగళ్లన్నీ ఒకచోట ఉండే హాకర్ సెంటర్‌కి భోజనానికి పిలిచారు. టిష్యూ ప్యాకెట్లు పరిచి పెద్ద బల్ల ఒకటి చోప్ చేసి, అంటే ఇంకెవరూ కూర్చోకుండా మాకోసం ఆపి ఉంచారు. అంకుల్, అమ్మాయి, అబ్బాయి, మేమిద్దరం. పక్క బల్లమీద ఆయన పాత పోర్టు స్నేహితుడు కనబడితే మలాయ్‌లో నా కథ మొదలుపెట్టారు. నాకు మలాయ్ రాదు, కానీ ఎక్కడ నన్ను చూపిస్తారో ఇప్పుడు తెలుసు.

అమ్మాయి నవ్వుతూ నా వైపు వంగి, "అంకుల్, మీకు తెలీదు కదా, అప్పుడు నేను సీక్రెట్‌గా క్లినిక్‌కి వెళ్లాను," అంది. తన ఒంట్లో ఏదో తప్పు ఉందని, అది నాకు తెలిసి కూడా మొహం మీద చెప్పలేక డాక్టర్ని అడగమన్నానని అనుకుందట. బ్లడ్ టెస్టులన్నీ చెయ్యమంటే ఆ డాక్టరు ఎందుకు అని అడిగారట. ఏం చెప్పాలో తెలియక ఏడ్చేసిందట. "సో స్టుపిడ్ లా నేను," అని మళ్లీ నవ్వింది. అబ్బాయి నవ్వలేదు. ఆ సంగతి వాడికీ అప్పుడే తెలిసినట్టుంది.

నేను చెంచా కింద పెట్టాను. అంకుల్ చేతి మీద చెయ్యి వేసి, కథ ఆపమన్నాను. ఆయన ఆశ్చర్యంగా ఆగారు. మా ఆవిడ మొదటిసారి నన్ను నేరుగా చూసింది.

"అమ్మా, మీ నాన్నగారు చెబుతున్నది నిజం కాదు," అన్నాను. "ఆ రోజు మీ ఇంట్లో ఆయన అడిగినప్పుడు నాకు జవాబు తెలుసు. నువ్వు ఫోన్ చేసి అడిగినప్పుడూ తెలుసు. ఈ అబ్బాయికి మా అక్క కూతుర్ని ఇవ్వాలన్న ఆశతో చెప్పలేదు. నేను ఏ డాక్టర్నీ అడగలేదు. నీలో ఏ తప్పూ లేదు, ఎప్పుడూ లేదు. నువ్వు ఒక్కదానివే ఆ క్లినిక్‌లో కూర్చుని ఏడవడానికి కారణం నేను. అంకుల్, మీరు నన్ను నమ్మి అడిగారు, నేను మీ నమ్మకాన్ని నా పనికి వాడుకున్నాను. మీ ముగ్గురికీ అన్యాయం చేశాను. అందరిలోకీ నీకే ఎక్కువ చేశానమ్మా. నన్ను క్షమించు."